థేమ్స్ నది: నీరు ఎవరిది, ఒడ్డు ఎవరిది?

మన బడుల్లో పిల్లలను లేపి "లండన్ నగరం ఏ నది ఒడ్డున ఉంది?" అని అడిగితే "థేమ్స్" అని టక్కున చెబుతారు. ఒక మార్కు ప్రశ్న, ఒక్క మాట జవాబు. అంతటితో ఆ నదితో మన పని అయిపోతుంది. కానీ ఆ ఒక్క మాట వెనుక చాలా చరిత్ర ఉంది. అందులో కొంత మనకూ సంబంధించినదే. మన మన్యం అడవులకు హద్దురాళ్లు పాతిన పాలకులు ఆ నదిలోనే ఓడలెక్కి ఈ దేశానికి వచ్చారు. అదే నది ఒడ్డున ఎనిమిది వందల ఏళ్ల కిందట వాళ్ల పూర్వీకులు ఈ నీళ్లు ఎవరివి, ఈ అడవి ఎవరిది అని తమ రాజుతో తగువు పడ్డారు. ఈ సంగతి మనకు ఎవరూ పెద్దగా చెప్పలేదు. అందుకే ఈ వ్యాసం.

ఊట నుంచి సముద్రం దాకా

థేమ్స్ మనం అనుకునేంత పెద్ద నది కాదు. దాని పొడవు 346 కిలోమీటర్లు. మన గోదావరి పొడవు 1,465 కిలోమీటర్లు. అంటే గోదావరిలో నాలుగో వంతు కూడా ఉండదు. పూర్తిగా ఇంగ్లాండు నేల మీదే పారే నదుల్లో మాత్రం అదే పొడవైనది.

ఇంగ్లాండు పడమటి వైపున కాట్స్‌వోల్డ్ అనే సున్నపురాతి కొండలు ఉన్నాయి. అక్కడ కెంబుల్ అనే ఊరి దగ్గర ఒక పచ్చిక బయల్లో థేమ్స్ పుడుతుంది. ఆ చోటును థేమ్స్ హెడ్ అంటారు. గుర్తుగా ఒక రాయి నిలిపారు. వేసవిలో వెళ్లినవాళ్లకు ఆ రాయి తప్ప నీటి చుక్క కనిపించదు. వానలు పడి భూమిలో నీరు పైకి వచ్చినప్పుడే ఆ ఊట పారుతుంది. మరికొంత దూరంలో సెవెన్ స్ప్రింగ్స్ అనే ఊటలు ఉన్నాయి. అక్కడ పుట్టే చర్న్ అనే వాగు వచ్చి థేమ్స్‌లో కలుస్తుంది. ఆ ఊటలు సముద్రానికి ఇంకా దూరంగా ఉన్నాయి కాబట్టి అసలు పుట్టుక అక్కడే అనేవాళ్లూ ఉన్నారు.

థేమ్స్ హెడ్ సముద్ర మట్టానికి దాదాపు 110 మీటర్ల ఎత్తున ఉంటుంది. ఇంత కొద్ది ఎత్తు నుంచి 346 కిలోమీటర్లు పారాలి కాబట్టి నది మెల్లగా, వంకలు తిరుగుతూ సాగుతుంది. మన కొండవాగుల్లా ఉరికే నీరు కాదది. లెచ్‌లేడ్ అనే ఊరి నుంచి పడవలు నడుస్తాయి. అక్కడి నుంచి కిందికి 45 లాకులు ఉన్నాయి. ఆక్స్‌ఫర్డ్ దగ్గర నదిని ఐసిస్ అని పిలుస్తారు. పైన మాచ్‌ఖండ్ అని పిలిచే నది కిందికి వచ్చేసరికి సీలేరు అయినట్టే ఇది. తర్వాత గోరింగ్ దగ్గర రెండు సుద్దరాతి కొండల నడుమ నుంచి దారి చేసుకుని, రెడింగ్ దగ్గర కెన్నెట్ నదిని కలుపుకుని, విండ్సర్ కోట పక్క నుంచి లండన్ వైపు మళ్లుతుంది.

లండన్‌కు కాస్త పైన మోల్ అనే చిన్న నది వచ్చి కలుస్తుంది. గోదావరి మీద ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన ఆర్థర్ కాటన్ చివరి రోజులు గడిపి 1899లో కన్నుమూసిన డోర్కింగ్ పట్టణం ఈ మోల్ నది పక్కనే ఉంది.

టెడ్డింగ్టన్ దగ్గర నది స్వభావం మారిపోతుంది. అక్కడిదాకా మంచినీటి నది. అక్కడి నుంచి కిందికి సముద్రపు పోటు తగులుతుంది. రోజుకు రెండుసార్లు నీరు వెనక్కి ఎక్కుతుంది, రెండుసార్లు దిగుతుంది. లండన్ బ్రిడ్జి దగ్గర ఈ హెచ్చుతగ్గు ఒక్కోసారి ఏడు మీటర్ల దాకా ఉంటుంది. ఈ పోటే లండన్‌ను పెద్ద రేవుగా చేసింది. పోటుతో ఓడ లోపలికి వచ్చేది, పాటుతో సముద్రానికి వెళ్లేది.

నది ఎప్పుడూ ఈ దారినే పారలేదు. ఒకప్పుడు ఇంకా ఉత్తరంగా పారేది. దాదాపు నాలుగున్నర లక్షల ఏళ్ల కిందట మంచుయుగంలో ఉత్తరం నుంచి దిగిన మంచు పలకలు దాని దారికి అడ్డు పడ్డాయి. నది దక్షిణానికి జరిగి ఇప్పుడున్న లోయను పట్టుకుంది.

రోమన్లు, వంతెన

క్రీ.పూ. 54లో రోమన్ సేనాని జూలియస్ సీజర్ సైన్యంతో ఈ నదిని దాటాడు. తన రాతల్లో దీన్ని టామెసిస్ అన్నాడు. క్రీ.శ. 43లో రోమన్లు మళ్లీ వచ్చి దేశాన్ని ఆక్రమించారు. కొద్ది ఏళ్లకే నదిని దాటడానికి వీలైన చోట వంతెన వేసి, ఉత్తరపు ఒడ్డున లొండీనియం అనే పట్టణం కట్టారు. అదే లండన్. ఆ నేల మీద అంతకుముందు నుంచీ ఉన్న తెగలు ఊరుకోలేదు. క్రీ.శ. 60-61లో ఐసెనీ తెగ రాణి బౌడికా నాయకత్వంలో తిరగబడి లండన్‌ను తగలబెట్టారు. తిరుగుబాటును రోమన్లు అణచివేశారు. పట్టణం మళ్లీ లేచింది. ఇంగ్లాండు కూడా ఒకప్పుడు పరాయి పాలనలో నలిగిన దేశమేనని, అక్కడా తెగలు విల్లు, బల్లెం పట్టాయని మన పిల్లలకు చెప్పాలి.

1176లో రాతి వంతెన కట్టడం మొదలుపెట్టి 1209కి పూర్తి చేశారు. అదే పాత లండన్ బ్రిడ్జి. దాని మీద ఇళ్లు, అంగళ్లు ఉండేవి. కమానులు ఇరుకుగా, స్తంభాలు లావుగా ఉండటంతో వంతెన సగం ఆనకట్టలా నీటిని ఆపేది. దాని పైవైపు నీరు నెమ్మదించి, చలి గట్టిగా ఉన్న ఏళ్లలో గడ్డ కట్టేది. జనం ఆ గడ్డ మీద సంతలు పెట్టేవారు. ఆఖరి మంచు సంత 1814లో జరిగింది. 1831లో కొత్త వంతెన వచ్చి పాతదాన్ని తీసేశాక నది మళ్లీ అలా గడ్డ కట్టలేదు.

రాజు చేత ఒప్పించిన రెండు పత్రాలు

విండ్సర్‌కు దగ్గర్లో థేమ్స్ ఒడ్డున రన్నీమీడ్ అనే పచ్చిక బయలు ఉంది. 1215 జూన్‌లో జాన్ రాజును అక్కడికి రప్పించి ప్రభువులు మాగ్నా కార్టా అనే ఒప్పంద పత్రానికి ఒప్పించారు. రాజు కూడా చట్టానికి లోబడాలి అన్నది దాని సారం. ఇంతవరకు చరిత్ర పుస్తకాల్లో ఉంటుంది. ఆ పత్రంలో నది గురించి కూడా ఒక షరతు ఉంది. 33వ షరతు. థేమ్స్, మెడ్వే నదుల్లోనూ, సముద్రతీరం తప్ప ఇంగ్లాండు అంతటా చేపల కట్లన్నీ తీసివేయాలి అని.

చేపల కట్లు అంటే నదికి అడ్డంగా గుంజలు పాతి, తడికలు అల్లి, చేపలను ఒక మూలకు తోలి పట్టే ఏర్పాటు. మన వాగుల్లోనూ మనవాళ్లు చిన్నవి కడతారు. అక్కడ భూస్వాములూ, మఠాలవాళ్లూ పెద్దవి కట్టి నదిని బిగించేశారు. చేపలు వాళ్లవి. దారి లేక పడవలు ఆగిపోయేవి. అందరి దారి అయిన నదిని కొందరు సొంతం చేసుకోకూడదు అని ఆ షరతు చెప్పింది. షరతు రాయగానే కట్లు పోలేదు. తీసినవి మళ్లీ వెలిశాయి. తర్వాతి రాజుల కాలంలో మళ్లీ మళ్లీ చట్టాలు చేయవలసి వచ్చింది. కాగితం మీది హక్కు నేల మీదికి దిగడానికి ఎంత కాలం పడుతుందో మనకు తెలియనిది కాదు.

రెండేళ్లకు, 1217 నవంబరులో, జాన్ కొడుకు మూడో హెన్రీ పేరుతో ఇంకొక పత్రం వచ్చింది. దాని పేరు అడవి పత్రం, ఛార్టర్ ఆఫ్ ది ఫారెస్ట్. ఇది మనం శ్రద్ధగా చదవాలి. ఆ కాలంలో ఇంగ్లాండులో ఫారెస్ట్ అంటే చెట్లున్న చోటు అని మాత్రమే కాదు. రాజు వేట కోసం ప్రత్యేకించిన ప్రాంతం. అందులో ఊళ్లూ, పొలాలూ, బీళ్లూ ఉండేవి. గీత గీసి "ఇకనుంచి ఇది రాజుగారి అడవి" అంటే అందులోని మనుషులంతా అడవి చట్టం కిందికి వచ్చేవారు. జింకను చంపితే కళ్లు పీకడం, కాళ్లూ చేతులూ నరకడం, ప్రాణం తీయడం దాకా శిక్షలు ఉండేవి.

1217 పత్రం దీనికి కొంత కళ్లెం వేసింది. రాజులు అన్యాయంగా అడవిలో కలిపేసుకున్న భూములను విడిచిపెట్టాలి అంది. జింక కోసం ఎవరి ప్రాణమూ, అవయవమూ తీయకూడదు అంది. స్వతంత్రులైన మనుషులు తమ పందులను అడవిలో మేపుకోవచ్చు. పక్కవాడికి నష్టం లేకుండా తమ భూమిలో మర పెట్టుకోవచ్చు, చెరువు తవ్వుకోవచ్చు, దున్నుకోవచ్చు. తమ చెట్లలో దొరికిన తేనె తమదే. తేనె అన్న మాట కూడా ఆ పత్రంలో ఉంది.

ఇందులో ఒక లోపం ఉంది. స్వతంత్రులకే ఈ హక్కులు అన్నారు. ఆనాటి ఇంగ్లాండులో చాలామంది రైతులు ప్రభువుల భూమికి కట్టుబడ్డ వెట్టివాళ్లు. వాళ్లకు ఇది నేరుగా వర్తించలేదు. అయినా అడవి మీద బతికేవాడికి అడవి మీద హక్కు ఉంటుంది అనే మాట చట్టంలోకి ఎక్కింది. ఆ పత్రం 1971 దాకా రద్దు కాలేదు.

ఇప్పుడు తేదీలు పక్కపక్కన పెట్టి చూడండి. ఆ పత్రం తమ దేశంలో అమల్లో ఉండగానే అదే దేశపు పాలకులు మన దేశంలో 1865లో, 1878లో అడవి చట్టాలు చేశారు. 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. మన పోడు నేరమైంది. మన మేత, మన కట్టెపుల్ల నేరమయ్యాయి. కల్లు మీద పన్ను, పోడు మీద ఆంక్షలు, ముఠాదారుల దోపిడీ కలిసి 1879లో రంప ప్రాంతం తిరగబడింది. తమ తాతలు రాజును అడిగి తీసుకున్నది మన తాతలు అడిగితే తుపాకీ చూపించారు. మన హక్కును చట్టం ఒప్పుకోవడానికి 2006 అటవీ హక్కుల చట్టం దాకా ఆగవలసి వచ్చింది.

ఓడలు మన తీరానికి వచ్చిన దారి

1600 డిసెంబరు 31న లండన్ వర్తకులకు ఈస్టిండియా కంపెనీ పేరుతో తూర్పు దేశాలతో వ్యాపారం చేసే హక్కు దొరికింది. మరుసటి ఏడాది మొదటి ఓడలు థేమ్స్ నుంచి బయలుదేరాయి. 1611లో గ్లోబ్ అనే కంపెనీ ఓడ మచిలీపట్నం చేరింది. అక్కడ వర్తక స్థావరం పెట్టారు. మన నేతగాళ్లు నేసిన బట్టలు, అద్దకపు బట్టలు ఈ రేవుల నుంచి ఓడలెక్కి థేమ్స్ ఒడ్డున దిగాయి. 1614 నాటికి బ్లాక్‌వాల్ దగ్గర కంపెనీకి సొంత ఓడల కార్ఖానా ఉంది. 1806లో అక్కడే ఈస్టిండియా డాక్‌లు తెరిచారు. డాక్ అంటే తలుపులు బిగించి, పోటు దిగినా లోపల నీరు నిలిచేలా తవ్విన పెద్ద చెరువు. ఓడలు అందులో నిలిచి సరుకు దించుతాయి.

అంతకుముందు ఓడలు నది మధ్యలో ఆగేవి. చిన్న పడవలవాళ్లు సరుకును ఒడ్డుకు చేర్చేవారు. మనుషులను దాటించే పడవవాళ్లు వేరే. వీళ్లకు 16వ శతాబ్దం నుంచే రేట్లు, శిక్షణ, సంఘం ఉండేవి. వంతెనలు పెరిగే కొద్దీ, డాక్‌లు వచ్చే కొద్దీ వాళ్ల బతుకు తరిగిపోయింది.

డాక్‌ల కింద పోయిన ఇళ్లు

ఈ వ్యాసంలో నన్ను ఎక్కువగా ఆపిన సంగతి ఇది. లండన్ టవర్ పక్కన సెయింట్ కాథరిన్ డాక్‌లు ఉన్నాయి. ఇప్పుడు అక్కడ ధనవంతుల విహార నౌకలు ఆగుతాయి. 1820ల్లో అది ఇరుకు సందుల పేదల పేట. మధ్యయుగం నాటి ఒక ధర్మాసుపత్రి కూడా ఉండేది. ఇంజినీరు థామస్ టెల్‌ఫర్డ్ గీసిన నమూనాతో డాక్‌లు కట్టడానికి దాదాపు 1,250 ఇళ్లు కూల్చారు. దాదాపు 11,300 మంది నిర్వాసితులయ్యారు. ఇళ్ల యజమానులకు పరిహారం ఇచ్చారు. అద్దెకున్న పేదలకు ఏమీ ఇవ్వలేదు. 1828లో డాక్‌లు తెరిచారు.

పరిహారం కాగితం ఉన్నవాడికే గాని అక్కడ బతికినవాడికి కాదు. పట్టా లేనివాడు లెక్కలోకి రాడు. ముంపు మండలాల్లో సర్వేకు వచ్చినవాళ్ల ముందు నిలబడ్డ మనకు ఈ లెక్క కొత్త కాదు. నాగరికతకు పుట్టినిల్లు అని చెప్పుకునే నగరంలోనే ఇది జరిగింది.

డాక్‌లలో పనిచేసే కూలీల సంగతీ చూడాలి. పొద్దున్నే గేటు ముందు గుంపుగా నిలబడాలి. మేస్త్రీ వేలు చూపినవాడికే పని. అదీ కొన్ని గంటలే. 1889 ఆగస్టులో వీళ్లు సమ్మె కట్టారు. గంటకు ఆరు పెన్నీలు కావాలి అన్నది వాళ్ల కోరిక. అప్పటిదాకా అయిదు ఇచ్చేవారు. బెన్ టిల్లెట్, టామ్ మాన్, జాన్ బర్న్స్ నాయకత్వం వహించారు. దాదాపు లక్ష మంది పని ఆపేశారు. ఆకలితో సమ్మె విరిగిపోయే దశలో ఆస్ట్రేలియా కార్మికులు, ప్రజలు 30,000 పౌండ్లకు పైగా చందా పంపారు. అయిదు వారాల తర్వాత కూలీలు గెలిచారు. రాజీ కుదర్చడంలో కార్డినల్ మానింగ్ అనే మతపెద్ద పాత్ర ఉంది. అప్పుడు లండన్‌లో లా చదువుతున్న గాంధీ ఒక మిత్రుడితో కలిసి ఆయన దగ్గరికి వెళ్లినట్టు తన ఆత్మకథలో రాసుకున్నాడు.

నది కుళ్లిన కాలం

19వ శతాబ్దంలో లండన్ జనాభా లక్షల్లో పెరిగింది. నీటితో కడిగే మరుగుదొడ్లు వచ్చాయి. ఆ మురుగంతా కాలువల ద్వారా థేమ్స్‌లోకి చేరింది. అదే థేమ్స్ నుంచి తాగునీరు తోడేవారు. కలరా వచ్చింది. 1848-49లో ఒక్క లండన్‌లోనే దాదాపు 14,000 మంది చనిపోయారు.

కలరా చెడు గాలి వల్ల వస్తుందని అప్పటి డాక్టర్ల నమ్మకం. జాన్ స్నో అనే డాక్టరు నీటి వల్ల అన్నాడు. దక్షిణ లండన్‌లో రెండు కంపెనీలు ఒకే వీధుల్లో నీరు సరఫరా చేసేవి. ఒకటి మురుగు కలిసే చోటే నీరు తోడేది. రెండోది 1852లో తన తూము చోటును పోటు తగలని పైభాగానికి మార్చింది. 1854లో కలరా వచ్చినప్పుడు స్నో ఇల్లిల్లూ తిరిగి లెక్క తీశాడు. మొదటి కంపెనీ నీరు తాగిన ఇళ్లలో చావులు ఎన్నో రెట్లు ఎక్కువ. మన పిల్లలకు సైన్సు అంటే ఏమిటో చెప్పడానికి ఇంతకన్నా మంచి పాఠం దొరకదు. ఇల్లిల్లూ తిరగడం, అడగడం, రాసుకోవడం, పోల్చడం.

అయినా ప్రభుత్వం కదల్లేదు. 1858 వేసవిలో ఎండ ముదిరి నది కంపు కొట్టింది. పార్లమెంటు భవనం నది ఒడ్డునే ఉంది. కిటికీ తెరలను సున్నపు క్లోరైడులో ముంచి వేలాడదీసినా సభ్యులు కూర్చోలేకపోయారు. పద్దెనిమిది రోజుల్లో చట్టం చేశారు. వేల మంది చనిపోతే రాని కదలిక తమ ముక్కుకు తగిలితే వచ్చింది.

ఇంజినీరు జోసెఫ్ బజల్‌గెట్ 132 కిలోమీటర్ల పెద్ద మురుగు కాలువలను ఇటుకలతో భూమి లోపల కట్టించాడు. అవి మురుగును నగరానికి తూర్పున, దిగువకు తీసుకెళ్లి వదిలేవి. నగరం బాగుపడింది. దిగువ ఒడ్డు చెడింది. 1878 సెప్టెంబరు 3న ప్రిన్సెస్ ఆలిస్ అనే విహార నౌక ఆ మురుగు కలిసే చోటుకు దగ్గర్లోనే ఇంకో ఓడ తగిలి మునిగిపోయింది. ఆరు వందల మందికి పైగా చనిపోయారు. ఆ తర్వాతే మురుగులోని మడ్డిని వేరు చేసే పని మొదలైంది.

1957కి నగరం కింది భాగంలో నది జీవం లేనిదైందని శాస్త్రవేత్తలు ప్రకటించారు. నీటిలో ప్రాణవాయువు లేదు, చేప లేదు. తర్వాత మురుగుశుద్ధి కేంద్రాలు బాగుచేశారు, ఫ్యాక్టరీల వ్యర్థాలకు హద్దు పెట్టారు. 1974లో ఒక సాల్మన్ చేప దొరికింది. నూట నలభై ఏళ్లలో అదే మొదటిది. ఇప్పుడు 100కు పైగా రకాల చేపలు నమోదయ్యాయి, సీల్‌లు తిరుగుతున్నాయి.

పని అంతటితో ముగియలేదు. గట్టి వాన పడితే పాత కాలువలు పొంగి మురుగు నదిలోకే వచ్చేది. 1989లో నీటి సంస్థలను ప్రైవేటుపరం చేశారు. 2017లో మురుగు వదిలినందుకు థేమ్స్ వాటర్ కంపెనీకి కోర్టు 2 కోట్ల పౌండ్లకు పైగా జరిమానా వేసింది. పొంగే మురుగును పట్టడానికి 25 కిలోమీటర్ల కొత్త సొరంగం తవ్వారు. 2025లో అది పూర్తిగా పనిలోకి వచ్చింది.

ముంపుకు అడ్డుతలుపులు

థేమ్స్‌కు ముంపు పైనుంచి కన్నా కిందనుంచి ఎక్కువ. సముద్రంలో తుఫాను లేస్తే పోటుతో కలిసి నీరు ఎగదన్నుతుంది. 1953 జనవరి 31 రాత్రి ఇంగ్లాండు తూర్పు తీరంలో 307 మంది చనిపోయారు. థేమ్స్ ముఖద్వారంలోని కాన్వే దీవిలోనూ పదుల మంది మునిగిపోయారు. దాంతో వుల్‌విచ్ దగ్గర 520 మీటర్ల వెడల్పున పది ఇనుప తలుపులతో అడ్డుకట్ట కట్టారు. 1982 నుంచి అది పనిచేస్తోంది. మామూలు రోజుల్లో పెద్ద తలుపులు నది అడుగున పడుకుని ఉంటాయి, ఓడలు వాటి పైనుంచి పోతాయి. ప్రమాదం ఉన్నప్పుడు లేస్తాయి. ఇప్పటికి 200 సార్లకు పైగా వాటిని మూశారు.

మనం తీసుకోవలసినది

1960ల నుంచి పెద్ద కంటైనర్ ఓడలు వచ్చి పాత డాక్‌లు మూతపడ్డాయి. ఈస్టిండియా డాక్ 1967లో మూతపడింది. 1981లో ఆ ప్రాంతాన్ని ఒక అభివృద్ధి సంస్థకు అప్పగించారు. అద్దాల మేడలు లేచాయి. అక్కడి పాత కూలీ కుటుంబాలు మా ఇళ్ల సంగతేమిటని అడిగాయి. 1984లో పడవల మీద పార్లమెంటు దాకా ఊరేగింపుగా వెళ్లాయి. తమ బతుకు తీసిన నదినే తమ గొంతుకు దారి చేసుకున్నారు.

థేమ్స్ కథలో రాజులు, ఇంజినీర్లు కనిపిస్తారు. కానీ నది మారిన ప్రతిసారీ వెనుక అడిగినవాళ్లు ఉన్నారు. చేపల కట్లు తీయమన్నవాళ్లు, తేనె మాది అన్నవాళ్లు, ఇంటింటికీ తిరిగి చావులు లెక్కపెట్టినవాడు, గంటకు ఇంకొక్క పెన్నీ అడిగిన కూలీలు. అడగనిచోట 11,300 మంది పేర్లు లేకుండా పోయారు. మన పిల్లలకు నదులు పాఠంగా చెప్పేటప్పుడు పుట్టిన చోటు, పొడవు, ఉపనదులతో ఆపకండి. ఆ నది మీద ఎవరికి హక్కు ఉండేది, ఎవరికి పోయింది, ఎలా తిరిగి వచ్చింది అని కూడా అడిగించండి. థేమ్స్‌తో మొదలుపెట్టినా ఆ ప్రశ్న వాళ్లను తమ ఊరి వాగు దగ్గరికి తీసుకువస్తుంది.